సీన్ హెడ్డింగులోనే మొదలయ్యే ఖర్చు: యువ రచయితకు లేఖ

తమ్ముడూ,

నీ స్క్రిప్టు చదివాను. మాటలు బాగున్నాయి. ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ చేతికి ఇచ్చేముందు మాత్రం ఒక పని మిగిలింది. ఆయన కథ చదువుతూనే ఎన్ని రోజులు, ఎంతమంది, ఏ ఊరు అని లెక్క వేసుకుంటాడు. ‘బయట, రాత్రి, వాన, జాతర’ అని సీను పైన హెడ్డింగులో నువ్వు రాసిన క్షణమే ఖర్చు మొదలైపోయింది.

అందుకే బ్రేక్‌డౌన్, అంటే ఏ సీనుకు ఏమేం కావాలో రాసే పట్టీ, ముందు నువ్వే చేసుకో. పేజీని ఎనిమిది భాగాలుగా లెక్కేసి ప్రతి సీనూ ఎన్ని భాగాలో పక్కన రాయి. లోపలా బయటా, పగలా రాత్రా, ఆర్టిస్టులెవరు, జూనియర్ ఆర్టిస్టులెందరు, బండ్లు, జంతువులు, అన్నీ ఎక్కించు. మాటల సీన్లు రోజుకు రెండు మూడు పేజీలు అవుతాయనుకుంటే, నీ 110 పేజీలకు నలభై రోజులు దాటుతుంది. పాటలకూ ఫైట్లకూ రోజులు విడిగా వెయ్యాలి.

ఇక 34వ సీను. జాతరలో, వానలో తండ్రీకూతుళ్ల గొడవ, ముప్పావు పేజీ. వెనక నుంచి లైటు పడందే వాన కెమెరాకు కనపడదు. కాబట్టి ట్యాంకర్లు, పైపులతో పాటు పెద్ద లైట్లు, జనరేటరు కావాలి. టేకు టేకుకీ తడిసిన బట్టలు మార్చాలి, ఒక్కో డ్రెస్సు మూడు నాలుగు జతలు కుట్టించాలి, జుట్టు ఆరబెట్టాలి. నీళ్ల చప్పుడుకు లొకేషన్ సౌండ్ పనికిరాదు, డబ్బింగే గతి. పైగా జాతర జనంగా 300 మందికి కూలి, భోజనాలు, బస్సులు. ముప్పావు పేజీకి రెండు రాత్రులు పోతాయి.

ఆ సీను ఉన్నది దేనికి? కూతురు నలుగురి ముందు తండ్రికి ఎదురు చెప్పడానికి. దానికి వానతో పనిలేదు. 300 మందితోనూ లేదు, పరువు పోయేది తెలిసినవాళ్ల ముందే. గుడి వెనక వంటలు జరిగే చోట పెట్టు. డప్పులు దూరం నుంచి వినిపించనీ. తండ్రి చేతిలో పులిహోర గరిటె ఉంది, బంతిలో విస్తళ్ల ముందు బంధువులు కూర్చున్నారు. ఆమె మాట్లాడుతున్నంతసేపూ ఆయన వడ్డిస్తూనే ఉండాలి. నలభై మందితో ఒక్క రాత్రిలో అయిపోతుంది, సీనూ బలపడుతుంది.

అలాగని అన్నీ గదుల్లోకి తోసెయ్యకు, సినిమా సీరియల్ అయిపోతుంది. క్లైమాక్స్‌లో చెరువు గట్టు నువ్వు రాసినట్టే ఉండాలి, దాని కోసం గట్టిగా నిలబడు.

రచయితలు పట్టించుకోనిది కాంబినేషన్ డేట్స్, అంటే ఆర్టిస్టులందరూ కలిసి దొరికే రోజులు. నలుగురు పేరున్న ఆర్టిస్టులు ఒకే సీనులో ఉంటే నలుగురి డేట్లూ కలిసేదాకా షెడ్యూల్ కదలదు. నీ మేనమామ పాత్ర ఎనిమిది సీన్లకు ఎనిమిది చోట్ల కనిపిస్తోంది. రెండు చోట్లకు కుదిస్తే కాల్షీట్లు, అంటే ఆ ఆర్టిస్టు పనిచేయాల్సిన రోజులు, సగానికి పైగా తగ్గుతాయి. రెండు ఆసుపత్రులు ఒకటి చెయ్యి. ఒకే రోజు యూనిట్ చోటు మారితే సర్దడానికే రెండు మూడు గంటలు పోతాయి.

చిన్నపిల్లలు చట్టప్రకారం రోజుకు అయిదు గంటలకు మించి పనిచెయ్యకూడదు, విశ్రాంతి లేకుండా మూడు గంటలు దాటకూడదు. పాప ఉన్న సీన్లు పొడుగ్గా రాయకు. ఎద్దుల బండికి జంతు సంక్షేమ బోర్డు అనుమతి ముందే తీసుకోవాలి.

2022 ఆగస్టులో ఖర్చులు తగ్గాలంటూ నిర్మాతలు షూటింగులు ఆపారు. 2025 ఆగస్టులో 30 శాతం వేతనాలు పెంచమని కార్మికులు సమ్మె చేశారు. లైట్‌మన్ కూలి దగ్గర పొదుపు చేసే కన్నా కాగితం మీద చెయ్యడం న్యాయం. అది మన చేతిలో పని.

మీటింగులో సీన్లు కొయ్యాలన్న మాట వస్తే అలగకు. ‘ఈ మూడు సీన్లు ముట్టుకోవద్దు, మిగతావాటిలో మీ ఇబ్బంది చెప్పండి, తిరగరాస్తాను’ అను. ఆ మూడూ ఎందుకో ఒక్కో వాక్యంలో చెప్పగలగాలి.

రెక్కీకి, అంటే లొకేషన్లు చూడటానికి, బయల్దేరేలోపే 34వ సీను తిరగరాసి, బ్రేక్‌డౌన్‌తో కలిపి పంపు. లొకేషన్లకు అడ్వాన్సులు ఇచ్చాక మారిస్తే ఆ డబ్బు తిరిగిరాదు.

ఆశీస్సులతో,
మీ అన్నయ్య