పాఠకుల ప్రశ్నలు – జవాబులు: సైకిల్ చైనుకు ఏ నూనె, ఎలా వేయాలి?

వానాకాలం మొదలవుతూనే సైకిల్ చైను గురించిన ఉత్తరాలు ఎక్కువగా వస్తాయి. ఈసారి వచ్చినవాటిలో నలుగురికీ పనికివచ్చే ఐదింటిని ఎంచుకొని జవాబులు ఇస్తున్నాము.

ప్రశ్న: అయ్యా, మా ఊరి నుంచి మండల కేంద్రంలోని పాఠశాలకు రోజూ గేర్లు లేని మామూలు సైకిల్ మీద వెళ్ళి వస్తాను. దారిలో సగం మట్టి రోడ్డే. మా ఊరి సైకిల్ షాపులో మోటారు సైకిళ్ళ నుంచి తీసిన పాత ఇంజిన్ ఆయిల్ వేస్తారు. ఇంట్లోనైతే కొబ్బరి నూనె వేస్తాము. ఏది వేసినా నాలుగు రోజులకే చైను నల్లగా మట్టి పట్టి కిర్రుమంటుంది. అసలు ఏ నూనె మంచిది?
— ఒక ఉపాధ్యాయుడు, మహబూబ్‌నగర్ జిల్లా

జవాబు: మాస్టారూ, ఏ నూనె అన్నది తేల్చే ముందు ఆ నూనె చైనులో ఎక్కడికి చేరాలో చూద్దాము. చైనులోని ప్రతి లింకులోనూ ఒక పిన్ను, దాని చుట్టూ ఒక గొట్టం వంటి భాగం, ఆ గొట్టం మీద తిరిగే రోలర్ ఉంటాయి. 1880లో మాంచెస్టర్‌లో హాన్స్ రెనోల్డ్ అనే ఇంజనీరు ఈ ఏర్పాటుకు పేటెంటు పొందిన నాటి నుంచి ఆధునిక గేర్ల చైనుల వరకు వివరాలు మారినా మూలసూత్రం మారలేదు. పెడల్ తొక్కినప్పుడు లింకు పళ్ళ చక్రం మీద వంగుతుంది, దాటగానే నిటారవుతుంది. ఆ వంగడంలో రాపిడి అంతా పిన్నుకూ గొట్టానికీ మధ్యన, గొట్టానికీ రోలర్‌కూ మధ్యన జరుగుతుంది. నూనె అవసరం ఆ రెండు సన్నని సందులలోనే ఉన్నది. చైను పైన మెరుస్తూ కనిపించే నూనె, తుప్పును కొంత ఆపడం మినహా, ఏ పనీ చేయదు సరికదా దారిలోని దుమ్మునంతా పిలిచి అంటించుకుంటుంది. ఆ దుమ్ము నూనెతో కలిసినప్పుడు తయారయ్యే నల్లటి ముద్ద సానపట్టే మందు వంటిది. అది మెల్లగా సందులలోకి చేరి పిన్నులను అరగదీస్తుంది. కాబట్టి మీ చైను నల్లబడడానికి నూనె తక్కువ కావడం కారణమని అనుకోకండి. తుడవని చైను మీద మళ్ళీ మళ్ళీ నూనె పోయడమే కారణం.

మీరు వాడుతున్న రెండింటినీ వెంటనే మానివేయమని గట్టిగా చెబుతున్నాము. ఇంజిన్ నుంచి తీసిన పాత ఆయిల్‌లో మసి, సన్నని లోహపు రజను, ఇంధనం మండినప్పుడు పుట్టిన ఆమ్లాలు ఉంటాయి. చైనుకు చెరుపు చేయడమే కాక, చేతి చర్మానికి తరచుగా తగలడం ఆరోగ్యానికి కూడా మంచిది కాదు. కొబ్బరి నూనె సుమారు 24 డిగ్రీల కంటే చల్లబడితే పేరుకొంటుంది గనుక చలికాలపు ఉదయాలలో అది సందులలోకి పారదు. పైగా వంట నూనెలన్నీ గాలి తగిలి కొంతకాలానికి చెడిపోతాయి, వాటిలో చాలావరకు జిగురుగా మారతాయి. ఆముదం మంచి కందెనే, ఒకప్పుడు విమాన ఇంజన్లలో కూడా వాడారు. అయితే అది చిక్కన, కాలం గడిచినకొద్దీ బంకగా తయారవుతుంది. దుమ్ము దారికి అది పనికిరాదు.

మీ దారికి పలుచని నూనె, కొంచెం తరచుగా, అన్నది మా సలహా. ఏ కిరాణా కొట్టులోనైనా చిన్న సీసాలో దొరికే కుట్టు మిషన్ నూనె చాలు. పలుచగా ఉండడం వల్ల అది సందులలోకి త్వరగా దిగుతుంది, పైన మిగిలినదాన్ని తుడవడమూ సులభం. ఎక్కువ కాలం నిలవకపోవడం దాని లోపం. అందుచేత వారానికి ఒకసారి వేయవలసి వస్తుంది. వానలు పట్టినప్పుడు దాని బదులు 20డబ్ల్యూ-40 రకం కొత్త ఇంజిన్ ఆయిల్ వాడండి. కాస్త చిక్కనిది కాబట్టి వాన నీటికి అంత త్వరగా కొట్టుకుపోదు.

ఇక వేసే పద్ధతి. నూనె ఎంపిక కంటే ఇదే ముఖ్యమని మేము నమ్ముతాము. ముందు పొడి గుడ్డతో, పాత టూత్ బ్రష్‌తో చైను పైనున్న మురికి తీయండి. మురికి గట్టిపడి ఉంటే బ్రష్‌ను కిరోసిన్‌లో గానీ డీజిల్‌లో గానీ ముంచి రుద్దండి. పెట్రోలు మాత్రం వాడవద్దు, దాని ఆవిరికి చిన్న నిప్పురవ్వ చాలు. కడిగిన చైనును కొన్ని గంటలు పూర్తిగా ఆరనివ్వాలి. సందులలో కిరోసిన్ మిగిలిపోతే అది కొత్త నూనెను కూడా పలుచన చేస్తుంది. ఆరిన తరువాత చైను కింది వరుసలో, చక్రాల పళ్ళు తాకే లోపలి వైపున, ఒక్కొక్క రోలర్ మీద ఒక్కొక్క చుక్క వేస్తూ పెడల్‌ను మెల్లగా వెనక్కి తిప్పండి. మొదలుపెట్టిన లింకుకు సుద్దముక్కతో గుర్తు పెట్టుకుంటే, అది తిరిగి వచ్చినప్పుడు ఆపవచ్చు. చైనులో నూరుకు అటూ ఇటూగా లింకులుంటాయి, అన్నింటికీ కలిపి చెంచాడు నూనె కూడా పట్టదు. ఒక నిమిషం పాటు పెడల్‌ను తిప్పి, రాత్రంతా అలా వదిలివేసి, పొద్దున పాత బనియన్ గుడ్డతో చైనును పట్టుకొని పెడల్ తిప్పుతూ, గుడ్డకు మరక దాదాపు అంటనంతవరకు తుడవండి. ఇంతా చేసి వేసిన నూనెను తుడిచివేయడమేమిటని చాలామంది ఈ చివరి పని వదిలివేస్తారు. లోపలికి దిగినది లోపలే ఉంటుంది, మీరు తీస్తున్నది దుమ్మును పట్టే భాగాన్ని మాత్రమే.

ప్రశ్న: మాది కాకినాడలో సముద్రానికి దగ్గర ఇల్లు. మా అమ్మాయి కళాశాలకు గేర్ల సైకిల్ మీద వెళ్తుంది. నూనె వేసిన మూడో రోజుకే చైను మీద ఎర్రటి తుప్పు కనిపిస్తోంది. తుప్పు వదిలించడానికి బాత్‌రూమ్ శుభ్రం చేసే యాసిడ్ వాడవచ్చునని పక్కింటివారు అంటున్నారు, నిజమేనా?
— ఒక గృహిణి, కాకినాడ

జవాబు: యాసిడ్ జోలికి దయచేసి వెళ్ళకండి, అమ్మా. బాత్‌రూమ్ యాసిడ్‌లలో సాధారణంగా హైడ్రోక్లోరిక్ ఆమ్లం ఉంటుంది. అది తుప్పును తింటుంది, నిజమే. కానీ ఆ చర్యలో పుట్టే హైడ్రోజన్ గట్టి ఉక్కులోకి చొరబడి దానిని పెళుసుగా మారుస్తుంది. పైకి తళతళలాడే చైను, ఎత్తు ఎక్కుతూ బలంగా తొక్కిన క్షణాన ప్లేటు పగిలి తెగిపోవచ్చు. నడిరోడ్డు మీద పిల్ల కింద పడే ప్రమాదం ఉన్నది గనుక ఇంత గట్టిగా చెబుతున్నాము.

ఉప్పుగాలి తగిలే చోట పైపైన కనిపించే ఎర్రదనాన్ని నూనె తడిపిన గుడ్డతో గట్టిగా రుద్దితే చాలావరకు పోతుంది. లింకులు బిగుసుకుపోయి వంగకపోతే మాత్రం చైను మార్చడమే మేలు. ఇకమీదట సైకిల్ షాపులలో ‘వెట్ లూబ్’ అనే పేరుతో అమ్మే చిక్కని చైను నూనెను వాడండి. వానలోనూ నిలిచేటట్టు తయారుచేసినది అది. మహబూబ్‌నగర్ మాస్టారికి పైన పూర్తిగా తుడవమన్నాము. మీరు మాత్రం చివర చేతికి లీలగా తగిలేటంత నూనె పొరను వదిలివేయండి, మీ ఊళ్ళో ఆ పొరకు తుప్పును ఆపే పని ఉన్నది. కోస్తాలో జూన్ నుంచి డిసెంబరు దాకా ఏదో ఒక వాన తగులుతూనే ఉంటుంది కాబట్టి, తడిసి వచ్చిన ప్రతిసారీ చైనును పొడి గుడ్డతో తుడిచి, మరునాడు కొద్దిగా నూనె వేయడం అలవాటు చేయండి. తడి చైనుకు నూనె వేస్తే సందులలోని నీరు లోపలే చిక్కుకుంటుంది.

ప్రశ్న: చైనుకు గ్రీజు పూస్తే ఎక్కువ కాలం ఉంటుంది కదా?
— తొమ్మిదో తరగతి విద్యార్థిని, నంద్యాల

జవాబు: గ్రీజు చిక్కన కనుక పైన పూస్తే లోపలికి పోదు, దుమ్మును మాత్రం పట్టుకుంటుంది. కొత్త చైను లోపల కర్మాగారంలో పెట్టిన కందెన ఉంటుంది. అది చాలా మంచిది, దానిని కడిగివేయనవసరం లేదు. పైన జిడ్డు తుడిచి, చప్పుడు వచ్చేదాకా అలాగే తొక్కమ్మా.

ప్రశ్న: హైదరాబాదులో ఔటర్ రింగ్ రోడ్డు పక్కన సోలార్ పైకప్పు కింద వేసిన సైకిల్ మార్గంలో వారాంతాలలో చాలా దూరం తొక్కుతాను. నాది డిస్క్ బ్రేకులున్న గేర్ల సైకిల్. ఇంతవరకు డబ్ల్యూడీ-40 స్ప్రే వాడాను. మిత్రులు చైనును కరిగిన మైనంలో ముంచమంటున్నారు. ఆ శ్రమకు తగిన ఫలితం ఉంటుందా?
— ఒక ఐటీ ఉద్యోగి, హైదరాబాదు

జవాబు: ముందు స్ప్రే సంగతి. ఆ డబ్బా పేరులోని రెండక్షరాలు నీటిని తొలగించడాన్ని, 40 అనే అంకె ఆ ఫార్ములా ఎన్నో ప్రయత్నంలో కుదిరిందో ఆ లెక్కను సూచిస్తాయి. 1953లో అమెరికాలోని శాన్ డియెగోలో లోహానికి తేమ, తుప్పు పట్టకుండా చేయడానికి దానిని తయారుచేశారు. చైను మీది తడిని తరమడానికి, జిడ్డు వదిలించడానికి అది పనికివస్తుంది. అందులో ఎక్కువ భాగం ఆవిరైపోయే ద్రావకం. మిగిలే పలుచని పొర దూర ప్రయాణానికి నిలవదు. అదే సంస్థ సైకిల్ చైనులకని వేరుగా లూబ్‌లు కూడా అమ్ముతుంది, వాటి గురించి ఈ మాట అనడం లేదు. మీ సైకిల్‌కు డిస్క్ బ్రేకులున్నాయి గనుక స్ప్రే రూపంలో దేనినీ వాడవద్దు. డిస్కు మీద పడిన తుంపరలు బ్రేకు ప్యాడ్లలోకి ఇంకితే బ్రేకు పట్టు తగ్గుతుంది, ఆ ప్యాడ్లు తిరిగి బాగుపడడం కష్టం.

మైనం విషయంలో మీ మిత్రుల మాట సరైనదే. గట్టిపడిన మైనానికి దుమ్ము అంటదు, చైను చేతికి నల్లబడదు, అరుగుదల బాగా తగ్గుతుంది. పైకప్పు ఉన్న పొడి దారిలో తొక్కే మీకు అది చక్కగా సరిపోతుంది. కానీ మొదటిసారి చేసే పని ఓపికతో కూడినది. చైనులో పాత నూనె గానీ, కర్మాగారపు కందెన గానీ ఏమాత్రం మిగిలినా మైనం లోహానికి పట్టదు కాబట్టి, జిడ్డును కరిగించే ద్రావకంలో, దానిని మార్చి మార్చి కొత్తది పోస్తూ, అది తేటగా మిగిలేవరకు కడగాలి. తరువాత రంగు, వాసన కలపని పారఫిన్ మైనాన్ని ఒక గిన్నెలో వేసి, ఆ గిన్నెను నీళ్ళున్న పెద్ద గిన్నెలో పెట్టి వేడిచేయాలి. పారఫిన్ సుమారు 50 నుంచి 65 డిగ్రీల మధ్య కరుగుతుంది, కింద నీళ్ళున్నంత వరకు వేడి 100 డిగ్రీలు దాటదు. నేరుగా మంట మీద పెడితే మైనం అంటుకొనే ప్రమాదం ఉన్నది. చైనును అందులో కొన్ని నిమిషాలు ఉంచి, బుడగలు రావడం ఆగేదాకా కదిలించి, వేలాడదీసి ఆరబెట్టాలి. గట్టిపడిన లింకులను చేతితో ఒక్కొక్కటిగా వంచి సైకిల్‌కు ఎక్కించాలి.

ఇంత పని వద్దనుకుంటే, మైనం కలిపిన ద్రవ లూబ్‌లు సీసాలలో దొరుకుతాయి. చుక్క చుక్కగా వేసి, అందులోని ద్రావకం ఆరడానికి కొన్ని గంటలు, వీలైతే రాత్రంతా, ఆగిన తరువాతే తొక్కాలి. వేసిన వెంటనే బయలుదేరితే ఫలితం ఉండదు. మైనానికి ఉన్న పెద్ద లోపం వాన. ఒక్కసారి బాగా తడిస్తే ఆ రోజే తుడిచి ఆరబెట్టి, మళ్ళీ మైనం పట్టించాలి, లేకపోతే తుప్పు మొదలవుతుంది. వానాకాలంలో రోజూ ఆఫీసుకు వెళ్ళేవారికి మేము దీనిని సిఫారసు చేయము.

ప్రశ్న: నూనె వేసినా చైను పళ్ళ మీద నుంచి జారుతోంది. మారిస్తే మంచిదని మెకానిక్ అంటున్నాడు. అతని మాట నిజమో కాదో నేను ఎలా తెలుసుకోవాలి?
— ఒక చిరు వ్యాపారి, అనంతపురం

జవాబు: మొదట వెనక చక్రం నట్లు సడలించి చైను వదులు సరిచేయించండి. మధ్యలో పట్టుకొని కదిపితే పైకీ కిందికీ కలిపి సుమారు అర అంగుళం ఆడాలి. ఆ తరువాతా జారితే చైనును కొలవండి. పిల్లల పాఠశాల స్కేలు చాలు. చైనులో ఒక పిన్ను నుంచి మరో పిన్నుకు దూరం సరిగ్గా అర అంగుళం, అంటే 12.7 మిల్లీమీటర్లు. పెడల్‌ను కాస్త నొక్కి చైనును బిగువుగా ఉంచి, ఒక పిన్ను మధ్య బిందువు దగ్గర స్కేలు సున్నాను పెట్టి, దానిని వదిలి తరువాతి నుంచి ఇరవై పిన్నులు లెక్కించండి. కొత్త చైనులో ఇరవయ్యో పిన్ను మధ్య బిందువు 254 మిల్లీమీటర్ల దగ్గర ఉంటుంది. గేర్లు లేని సైకిల్‌కు అది 256న్నర దాటితే చైను పని అయిపోయినట్టే. గేర్ల సైకిళ్ళలో 256 దగ్గరే, పదకొండు, పన్నెండు గేర్లవాటిలో 255 దాటగానే మార్చడం మంచిది.

చైను సాగిందని అంటారు కానీ ప్లేట్లు సాగవు. ప్రతి పిన్ను దగ్గరా ఏర్పడిన కొద్దిపాటి అరుగుదల కూడి అంత పొడవవుతుంది. అరిగిన చైనుతో చాలాకాలం తొక్కి ఉంటే పళ్ళ చక్రాలు కూడా దానికి తగ్గట్టు అరిగి, పళ్ళు కొక్కేల మాదిరి ఒక వైపుకు వంగి కనిపిస్తాయి. అప్పుడు కొత్త చైను ఒక్కటే వేస్తే అదీ జారుతుంది, వెనక ఫ్రీ వీల్‌ను కూడా మార్చవలసి ఉంటుంది. కొత్త చైను బిగించేటప్పుడు, అతుకు లింకుకు క్లిప్పు ఉన్న రకమైతే, క్లిప్పు మూసి ఉన్న కొన చైను కదిలే దిశకు ముందువైపు ఉండేటట్టు పెట్టారో లేదో మీ మెకానిక్ దగ్గర నిలబడి చూసుకోండి.