మీరడిగారు: టీషర్టు మీది గీతలూ, స్టూడియోలో గొడవా

ఈసారి ఉత్తరాల్లో మూడు ఒకే ఆల్బం చుట్టూ తిరుగుతున్నాయి. అందులో ఇద్దరికి ఆ సంగతే తెలీదు. అందుకే మూడూ ఒకచోటే వేస్తున్నా.

ప్రశ్న: మా అబ్బాయి ఇంజనీరింగ్ రెండో సంవత్సరం. ఏడాదిగా ఒకటే నల్ల టీషర్టు, దాని మీద కొండల్లాగా తెల్ల గీతలు. ఏంట్రా ఇది అంటే "డిజైన్ అమ్మా" అంటాడు. ఏదైనా పిచ్చి గుంపు గుర్తేమో అని టెన్షన్‌గా ఉంది. – ఒక తల్లి, నల్లకుంట

జవాబు: కంగారు పడకండమ్మా, అవి కొండలూ కావు, గుంపు గుర్తూ కాదు. అది ఒక నక్షత్రం నాడి. ఆసుపత్రిలో తీసే ఈసీజీ కాగితాలను ఒకదాని కింద ఒకటి పేర్చినట్టు ఊహించుకోండి. 1967లో కేంబ్రిడ్జ్‌లో చదువుకుంటున్న జోసెలిన్ బెల్ మొట్టమొదటి పల్సర్‌ని పట్టుకుంది. పల్సర్ అంటే బైకు కాదండోయ్, గిర్రున తిరుగుతూ రేడియో తరంగాలు వదిలే నక్షత్రం, ఇదైతే దాదాపు 1.34 సెకన్లకోసారి వదులుతుంది. దాన్ని కనిపెట్టినందుకు 1974లో నోబెల్ ఆవిడ గైడ్‌కి వచ్చింది, ఆవిడకి రాలేదు, ఆ కడుపుమంట ఇంకోసారి రాస్తా. ఆ తరంగాల బొమ్మ ఒక ఖగోళశాస్త్రం పుస్తకంలో అచ్చయితే, మాంచెస్టర్ బ్యాండ్ జాయ్ డివిజన్ వాళ్లు 1979లో దాన్ని తీసుకెళ్లి డిజైనర్ పీటర్ సావిల్ చేతిలో పెట్టారు. పుస్తకంలో తెలుపు మీద నలుపు ఉన్నదాన్ని ఆయన నలుపు మీద తెలుపు చేసి, అట్ట ముందువైపు బ్యాండ్ పేరు గానీ ఆల్బం పేరు గానీ వెయ్యకుండా వదిలేశాడు. ఆల్బం పేరు 'అన్‌నోన్ ప్లెజర్స్'. అమీర్‌పేట మెట్రో మెట్ల దగ్గర ఓ సాయంత్రం నిలబడితే ఇలాంటి టీషర్టులు రెండో మూడో కనబడతాయి, వేసుకున్నవాళ్లు పాటలు విన్నారా అని మాత్రం అడక్కండి. మీవాణ్ణి ఒకసారి అడిగి చూడండి, విని ఉంటే మంచి పిల్లాడే.

ప్రశ్న: అన్నా, మేం నలుగురం సైనిక్‌పురి కుర్రాళ్లం, తెలుగులో పోస్ట్-పంక్ (పంక్ అనే మోటు, స్పీడు రాక్ తర్వాత వచ్చిన రకం) బ్యాండ్ పెట్టాం. స్టేజీ మీద మాది స్పీడు, గోల. మా డ్రమ్మర్ వాళ్లమ్మ చీటీ ఎత్తిన డబ్బుతో ఆరు పాటలు రికార్డు చేయించాం. మిక్సింగ్ చేసినాయన గిటార్లు తగ్గించేసి, డ్రమ్స్‌ని గుహలో కొట్టినట్టు చేసి ఇచ్చాడు. ఇది మా సౌండ్ కాదన్నా అంటే "ఆర్నెల్లాగి వినండి" అన్నాడు. డబ్బులు వెనక్కి అడగాలా?

జవాబు: తమ్ముళ్లూ, పైన అమ్మగారికి చెప్పిన ఆల్బం కథ మీ కథే. 1979 ఏప్రిల్, మాంచెస్టర్ పక్కన స్టాక్‌పోర్ట్, స్ట్రాబెరీ స్టూడియోస్, మూడు వారాంతాల్లో పని అయిపోయింది. 21 నుంచి 23 ఏళ్ల కుర్రాళ్లు నలుగురు, ప్రొడ్యూసర్, అంటే రికార్డు ఎలా వినబడాలో చూసే మనిషి, మార్టిన్ హానెట్. స్టేజీ మీద వీళ్లదీ మీలాగే గోల. హానెట్‌కి అది అక్కర్లేదు. ఒక డ్రమ్ము మోత ఇంకోదాని మైకులో పడకూడదని స్టీఫెన్ మోరిస్ చేత ఒక్కో డ్రమ్మూ విడివిడిగా వాయించాడు, అంటే పాట మొత్తం స్నేర్ అనే ఒక్క డ్రమ్ము మాత్రమే, మళ్లీ మొదట్నుంచి ఇంకోటి, మనిషికి పిచ్చెక్కదూ! చప్పుడుని కాస్త ఆగి మళ్లీ వినిపించే డిజిటల్ డిలే యంత్రం అప్పుడే కొత్తగా వచ్చింది, హానెట్‌కి అది ప్రాణం. స్టూడియో లిఫ్టు చప్పుడు, సీసా పగిలిన చప్పుడు, ఎవరో చిప్స్ నమిలిన చప్పుడు కూడా పాటల్లోకి ఎక్కించాడు. ఒక పాటలో గాయకుడు ఇయన్ కర్టిస్ గొంతు టెలిఫోన్ లైన్లోంచి వచ్చింది.

గిటార్ వాయించిన బెర్నార్డ్ సమ్నర్‌కి, బాస్ వాయించిన పీటర్ హుక్‌కి ఒళ్లు మండింది. మా పాటల్లో బరువంతా తీసేశాడని సమ్నర్, పొడుగు పాటల, హంగుల రాక్ బ్యాండ్ పింక్ ఫ్లాయిడ్‌లా ఉందని హుక్. పంక్ కుర్రాడి నోట్లో పింక్ ఫ్లాయిడ్ అంటే మెచ్చుకోలు కాదు, తిట్టు. ఇక్కడే మీరు చెప్పనిది ఒకటుంది. కర్టిస్‌కీ మోరిస్‌కీ ఆ సౌండ్ నచ్చింది. రికార్డు వేరు, కచేరీ వేరు అన్నాడు మోరిస్. బరాత్‌లో తీన్‌మార్ డప్పు ఎంత ఊపుగా ఉంటుంది, దాన్నే ఫోన్‌లో రికార్డు చేసి పొద్దున్నే వినండి, రేకు డబ్బా మోతే కదా. చాలా ఏళ్ల తర్వాత హుక్ కూడా ఒప్పుకున్నాడు, జాయ్ డివిజన్ సౌండ్‌ని తయారు చేసింది హానెట్టేనని.

అలాగని మీకు దొరికినాయన హానెట్ అని నేననట్లేదు. గిటార్ తగ్గించిన ప్రతివాడూ హానెట్ అయిపోతే హైదరాబాద్‌లో సందుకో హానెట్ ఉండేవాడు. ముందు మీ నలుగురూ ఒకే మాట మీదున్నారా చూసుకోండి, నాకైతే అనుమానమే, ఉత్తరం గిటారిస్టే రాసినట్టుంది. తర్వాత విడి ట్రాకులన్నీ, అంటే ఒక్కో వాయిద్యానికీ విడిగా రికార్డు చేసినవి, హార్డ్ డిస్క్‌లో అడిగి తీసుకోండి, అవి మీవి, డబ్బు కట్టారు. అవి చేతిలో ఉంటే ఎప్పుడైనా వేరేవాళ్ల చేత మిక్స్ చేయించుకోవచ్చు. ఎందుకు తగ్గించారని గొడవపడకుండా అడగండి. కారణం చెప్పగలిగితే ఆర్నెల్లు ఆగండి, "అదంతే" అంటే ఆగొద్దు.

ప్రశ్న: అబిడ్స్‌లో ఆదివారం పాత పుస్తకాల మధ్య జాయ్ డివిజన్ మొదటి ఎల్పీ కనబడింది. నల్ల అట్ట, సైడ్ ఏ, సైడ్ బీ అని కాకుండా 'అవుట్‌సైడ్', 'ఇన్‌సైడ్' అని ఉంది. అప్పట్లో పెద్ద హిట్టా? కొనొచ్చా? – రిటైర్డ్ ఉద్యోగి, బర్కత్‌పుర

జవాబు: మీరు చూసింది పైన చెప్పిన 'అన్‌నోన్ ప్లెజర్స్'నే. అప్పట్లో హిట్టు కాదండీ. వీళ్ల రికార్డు కంపెనీ ఫ్యాక్టరీ రికార్డ్స్ నడిపే టోనీ విల్సన్ సొంత డబ్బు పెట్టి 10,000 కాపీలు వేయించాడు. 1979 జూన్‌లో విడుదలైంది, విమర్శకులు బాగా మెచ్చుకున్నారు, మొదటి రెండు వారాల్లో 5,000 పోయాయి, బాగా అమ్ముడైనవాటి జాబితాల్లోకి, అంటే చార్టుల్లోకి, మాత్రం రాలేదు. 1980 మే 18న, అమెరికా యాత్రకి బయల్దేరాల్సిన ముందురోజు, కర్టిస్ ప్రాణం తీసుకున్నాడు, 23 ఏళ్లు. ఆ ఆగస్టులో ఆల్బం బ్రిటన్ చార్టులో 71వ స్థానం దాకా వచ్చింది. 40 ఏళ్లకి 2019లో మళ్లీ వేస్తే 5వ స్థానం దాకా ఎక్కింది.

మొదటి ముద్రణ అట్ట వేలితో తడిమితే గరుగ్గా తగులుతుంది, తర్వాత వేసినవాటిలోనూ కొన్ని అలాగే ఉంటాయి కాబట్టి దాన్నొక్కదాన్నే నమ్మకండి. ధర ఎంత చెప్పాడో రాయలేదు. ఐదొందల్లోపైతే అసలా కాదా అని ఆలోచించకుండా తెచ్చేసుకోండి, రికార్డు ప్లేయర్ లేకపోయినా గోడకి తగిలించుకోవచ్చు. ఇంకా ఎక్కువ చెబితే బేరమాడండి, వచ్చే ఆదివారం కూడా అక్కడే ఉంటుంది.