చూపు తెల్లారే వస్తుంది, ఫ్లాప్ కుదరడానికే టైం పడుతుంది

"డిసెంబర్‌లో ఇంటికి వస్తున్నా, మూడు వారాల సెలవుంది. హైదరాబాద్‌లో లేజర్ చేయించుకొని కళ్లద్దాలు తీసేద్దామనుకుంటున్నా. మళ్లీ జిమ్‌కు ఎన్నో రోజు నుంచి పోవచ్చు?" హన్మకొండ, కరీంనగర్ దిక్కు నుంచి కొత్తగా అమెరికా చేరిన తమ్ముళ్లు, చెల్లెళ్లు తరచూ అడిగే సందేహం ఇది. ఒక్క అంకె చెప్పి ఊరుకునే ప్రశ్న కాదు. నడకకు ఒక లెక్క, బరువులకు ఒక లెక్క, ఈతకు, షటిల్‌కు వేరే లెక్కలు. కంటికి ఏ రకం లేజర్ చేశారన్నదాన్ని బట్టి ఆ లెక్కలు మళ్లీ మారతాయి.

ఈ లేజర్‌లో ముఖ్యంగా మూడు రకాలు: లాసిక్, పీఆర్‌కే, స్మైల్. లాసిక్‌లో కార్నియా, అంటే నల్లగుడ్డు ముందుండే పారదర్శక పొర, పైభాగాన్ని సుమారు 100 నుంచి 120 మైక్రాన్ల (మైక్రాన్ అంటే మిల్లీమీటర్‌లో వెయ్యో వంతు) మందంతో మూతలాగా కోసి పక్కకు తీస్తారు. కింద లేజర్ కొట్టి, మూతను మళ్లీ దాని జాగాలో పరుస్తారు. దాన్నే ఫ్లాప్ అంటారు. కుట్లు ఉండవు. కార్నియాలో రక్తనాళాలు ఉండవు కాబట్టి అది చర్మం మీది గాయంలాగా గట్టిపడదు. అంచు చుట్టూ మాత్రమే బిగుస్తుంది, లోపలి భాగం ఎన్నేళ్లయినా మునుపటి బలానికి రాదు. ఆపరేషన్ అయిన కొన్నేళ్ల తర్వాత దెబ్బ తగిలి ఫ్లాప్ పక్కకు జరిగిన కేసులు కూడా ఉన్నాయి. పీఆర్‌కేలో ఫ్లాప్ ఉండదు, పైపొరను గీకి తీసి లేజర్ చేస్తారు. ఆ పొర మళ్లీ పెరిగేదాకా, అంటే నాలుగైదు రోజులు, కంట్లో బ్యాండేజ్ లెన్స్ ఉంటుంది, నొప్పీ ఎక్కువే. స్మైల్‌లో రెండు నుంచి నాలుగు మిల్లీమీటర్ల చిన్న గాటులోంచి, లేజర్ కార్నియా లోపల కోసిన పలచటి ముక్కను లాగేస్తారు.

లాసిక్ చేయించుకున్నవాళ్లకు తెల్లారి లేచేసరికి గోడ మీది క్యాలెండర్ అంకెలు స్పష్టంగా కనిపిస్తాయి. చిక్కంతా అక్కడే వస్తుంది. చూపు వచ్చింది కాబట్టి కన్ను మానిందనుకుంటారు. నిజానికి ఆ రోజుకు ఫ్లాప్ తడి కాగితం పలకకు అంటుకున్నట్టు ఉంటుంది, అంతే. బరువు ఎత్తితే, పరుగెత్తితే ఫ్లాప్ ఊడిపోతుందని చాలామందికి భయం. శ్రమతో ఫ్లాప్ పక్కకు జరగడం అరుదు. దాన్ని జరిపేవి మూడు: చెమట మంటకు కన్ను నలిపే చెయ్యి, కంట్లో పడే నీళ్లు, తగిలే దెబ్బ. మీరు చేసే ఏ కసరత్తునైనా ఈ మూడింటితో కొలిచి చూడండి, ఎప్పుడు మొదలుపెట్టాలో మీకే తెలిసిపోతుంది.

ఆపరేషన్ రోజు కళ్లు మూసుకొని పడుకోవడమే పని. మరునాటి చెకప్‌లో డాక్టర్ ఫ్లాప్ సరిగ్గా ఉందన్నాక సాయంత్రం నెమ్మదిగా నడవొచ్చు. ఆ చెకప్ ముఖ్యం కాబట్టి ఆ రాత్రే రైలెక్కి కాజీపేటలో దిగకండి, హైదరాబాద్‌లోనే ఆగండి. మూడో రోజు నుంచి ఇంట్లో స్టేషనరీ సైకిల్ చెమట పట్టనంత మెల్లగా తొక్కొచ్చు. వారం దాటాక పరుగు, బరువులు. అయితే మొదటి రోజే పాత బరువు పెట్టుకోకుండా సగంతో మొదలుపెట్టండి, ఊపిరి బిగపట్టకుండా ఎత్తేటప్పుడు వదలండి. ఊపిరి బిగపడితే కంటి లోపలి ఒత్తిడి కాసేపు పెరుగుతుంది. తల కిందికి వంచే డిక్లైన్ బెంచ్, బర్పీల్లాంటివి రెండు వారాల దాకా వద్దు. శీర్షాసనంలో కంటి ఒత్తిడి దాదాపు రెట్టింపవుతుంది కాబట్టి దాన్ని నెల దాటాక, అదీ డాక్టర్‌ను అడిగాకే వేయండి. పీఆర్‌కే అయితే ఈ లెక్కంతా బ్యాండేజ్ లెన్స్ తీసిన రోజు నుంచి మొదలవుతుంది. స్మైల్ వాళ్లకు కొంచెం వెసులుబాటు ఉంటుంది. మీ సర్జన్ రాసిచ్చిన కాగితంలో ఇంతకంటే ఎక్కువ రోజులుంటే ఆ కాగితమే లెక్క.

చెమట సంగతి చిన్నదనిపిస్తుంది గానీ అసలు ప్రమాదం దానితోనే. నుదుటికి కాటన్ బ్యాండ్ కట్టుకోండి. టవల్‌తో కనుబొమ్మల పైననే అద్దుకోండి, రెప్పల మీదికి రానివ్వకండి. మొదటి వారం బిగుతు టీషర్ట్ తల మీంచి లాగి వేసుకోవడం కూడా మంచిది కాదు, మెడపట్టీ రెప్పలకు రాసుకుంటుంది. గుండీల చొక్కా వేసుకోండి. ట్రెడ్‌మిల్ ముందున్న ఫ్యాన్ గాలి ముఖానికి కొట్టకుండా పక్కకు తిప్పండి. రబ్బర్ బ్యాండ్ల కసరత్తు ముఖానికి ఎదురుగా ఎప్పుడూ వద్దు. తెగిన బ్యాండ్ నేరుగా కంటికే వస్తుంది.

ఇంటికొచ్చినవాళ్లను ఊరు ఊరికే ఉండనివ్వదు. పొద్దుగాల వరంగల్ భద్రకాళి చెరువు బండ్ మీద నడక మంచిదే. కానీ మాపటి పూట నీటి మీది పురుగులు కంట్లో పడతాయి, వెడల్పాటి చలువద్దాలు ఉండాలి. బండి వెనక కూర్చున్నా హెల్మెట్ అద్దం దించుకోండి. మిర్చి సీజన్‌లో వరంగల్ ఎనుమాముల మిర్చి మార్కెట్ వైపు వెళ్లే పనుంటే వేరేవాళ్లను పంపండి. ఇంట్లో పోపు పెట్టేటప్పుడు వంటింటికి దూరంగా ఉండండి. సంక్రాంతికి ఐనవోలు మల్లన్న దగ్గరికి పోతే బండారి చల్లుకుంటారు, ఆ పసుపుపొడి కొత్త ఫ్లాప్ అంచు కిందికి చేరితే కడిగి తీయడం మామూలు పని కాదు. మేడారం జాతర జరిగే ఏడాదైతే దుమ్ము ఒక ఎత్తు, జంపన్నవాగులో మునక ఒక ఎత్తు. మొక్కు ఉంటే నెత్తి మీద నాలుగు చుక్కలు చల్లుకోండి, ఈసారికి మునక వద్దు. తలంటు కూడా అంతే. కుంకుడురసం మామూలు కంటికే మంట. మొదటి వారం తల వెనక్కి వాల్చి వేరేవాళ్లతో కడిగించుకోవాలి, షవర్ కింద ముఖం పెట్టకూడదు.

ఈతకు ఎందుకింత గట్టిగా వద్దంటామంటే, నిల్వ నీళ్లలో, చెరువుల్లో అకాంతమీబా అనే సూక్ష్మజీవి ఉంటుంది. మానని కార్నియాలోకి అది చేరితే నెలల తరబడి మందులు వాడాలి, చూపూ దెబ్బతినొచ్చు. క్లోరిన్ దాన్ని పూర్తిగా చంపలేదు. శుభ్రమైన పూల్ అయితే రెండు వారాలు దాటాక, అదీ గాగుల్స్‌తో. వ్యవసాయ బావిలో దూకడం, చెరువు ఈత, అమెరికా అపార్ట్‌మెంట్లలో ఉండే హాట్ టబ్ నెల దాటాకే. బావి గట్టు మీంచి దూకితే నీటి దెబ్బ నేరుగా కంటికి తగులుతుందని మరవకండి, దానికి ఇంకో నెల ఆగినా తప్పులేదు.

ఇక షటిల్. దీన్ని ఎవరూ ప్రమాదకరమైన ఆట అనుకోరు. క్రికెట్ బంతికి భయపడేవాళ్లు కూడా షటిల్‌కు భయపడరు. క్రికెట్ బంతి పెద్దది, కంటి చుట్టూ ఉన్న ఎముకకు తగిలి ఆగే అవకాశం ఎక్కువ. షటిల్ కార్క్ వ్యాసం 25 నుంచి 28 మిల్లీమీటర్లు, సరిగ్గా కంటి గుంతలో పట్టేంత. బరువు ఐదు గ్రాములకు అటూ ఇటూ ఉన్నా నెట్ దగ్గర నిల్చున్నవాడి ముఖానికి స్మాష్ వస్తే కన్ను మూసే టైం ఉండదు. డబుల్స్‌లో పక్కవాడి రాకెట్ ఇంకో ప్రమాదం. కాబట్టి షటిల్, స్క్వాష్, రాకెట్‌బాల్ ఆడేవాళ్లు కనీసం నెల ఆగాలి. ఆ తర్వాత కూడా పాలీకార్బొనేట్ స్పోర్ట్స్ గాగుల్స్ లేకుండా ఆడకూడదు. రాకెట్ ఆటల అద్దాలకు అమెరికా భద్రతా ప్రమాణమైన ఏఎస్‌టీఎం ఎఫ్3164 అని రాసున్నవి తీసుకోండి, పవర్ లేనివే అడగండి. పాత కళ్లద్దాల ఫ్రేమ్‌లో సాదా అద్దాలు వేసుకుంటే దెబ్బకు పగిలి కంట్లోనే గుచ్చుకుంటాయి. క్రికెట్‌లో కీపింగ్‌కు, బ్యాటింగ్‌కు గ్రిల్ హెల్మెట్.

కబడ్డీ, బాక్సింగ్, కరాటే వదలలేనివాళ్లు ఆపరేషన్‌కు ముందే డాక్టర్‌కు ఆ మాట చెప్పాలి. అలాంటివాళ్లకు ఫ్లాప్ లేని పీఆర్‌కే గానీ స్మైల్ గానీ మేలు. ముందు లాసిక్ చేయించుకొని తర్వాత అడిగితే చేసేదేమీ ఉండదు. ఒడిలోని పసిపిల్లల వేలిగోరు కూడా ఈ జాబితాలోదే. మొదటి నెల పిల్లలను ఎత్తుకునేటప్పుడు అద్దాలు పెట్టుకోండి, పడుకునేటప్పుడు వారం రోజులు కంటికి షీల్డ్ (కంటిని కప్పే గట్టి మూత) తప్పనిసరి.

అమెరికా తిరిగెళ్లాక కళ్లు పొడిబారడం ఎక్కువగా తెలుస్తుంది. ఫ్లాప్ కోసినప్పుడు కార్నియాలోని నరాలు తెగుతాయి, కన్ను ఎండిపోయిన కబురు సరిగ్గా అందదు. ఆ నరాలు కోలుకోవడానికి ఆరు నెలల నుంచి ఏడాది పట్టొచ్చు. దానికి తోడు విమానంలోని పొడి గాలి, చలికాలపు హీటర్. ప్రిజర్వేటివ్ లేని కన్నీటి చుక్కలు విడి గొట్టాల్లో దొరుకుతాయి, జిమ్‌కు పోయే ముందు ఒకటి, వచ్చాక ఒకటి వేసుకోండి. రెండు రకాల మందులు ఉంటే మధ్యలో ఐదు నిమిషాలు ఆగాలి, లేకపోతే రెండో చుక్క మొదటిదాన్ని కడిగేస్తుంది.

ఆపరేషన్ తర్వాత రాసిచ్చే స్టెరాయిడ్ చుక్కలు బాగున్నాయి కదా అని సొంతంగా పొడిగించొద్దు, బాగైంది కదా అని మధ్యలో ఆపొద్దు. కొందరికి వాటివల్ల కంటి ఒత్తిడి పెరుగుతుంది. పీఆర్‌కేకు నెలల తరబడి వాడతారు కాబట్టి ఒత్తిడి కొలిపించుకుంటూ ఉండాలి. ఇక్కడే ఇంకో మెలిక ఉంది: లేజర్ తర్వాత కార్నియా పలచబడుతుంది, అందుకని ఒత్తిడి అసలుకంటే తక్కువ చూపిస్తుంది. కొత్త డాక్టర్‌కు లేజర్ అయిందని మొదటే చెప్పండి.

మైనస్ ఆరు, ఏడు దాటిన పవర్ ఉన్నవాళ్లకు ఒక మాట. లేజర్ అద్దాలను తీసేస్తుంది గానీ, అంత పవర్ ఉన్నవాళ్లలో పొడవుగా సాగిన కంటిగుడ్డు సాగినట్టే ఉంటుంది. వెనక రెటీనా (బొమ్మ పడే లోపలి పొర) పలచగానే ఉంటుంది. అందుకే ఆపరేషన్‌కు ముందు చుక్కలు వేసి రెటీనా చూపించుకోవాలి. కసరత్తు మళ్లీ మొదలుపెట్టాక కంట్లో మెరుపులు, కొత్తగా నల్లచుక్కల వాన, పక్కనుంచి తెర దిగినట్టు నీడ కనిపిస్తే ఆ రోజే ఆసుపత్రికి పోవాలి, సోమవారం దాకా ఆగకూడదు. అలాగే దెబ్బ తగిలి నొప్పి, నీళ్లు కారడం, చూపు మసకబారడం వస్తే ఫ్లాప్ పక్కకు జరిగిందనే అనుకోండి. నలపకుండా, నీళ్లు కొట్టకుండా షీల్డ్ పెట్టుకొని కార్నియా డాక్టర్ ఉన్న చోటికి పోవాలి. గంటల్లో అయితే ఎత్తి, కడిగి, సాపు చేసి మళ్లీ పరుస్తారు. రోజులు గడిస్తే ముడతలు నిలిచిపోతాయి. మొదట్లో తెల్లగుడ్డు మీద కనిపించే ఎర్రమచ్చకు మాత్రం భయపడనక్కర్లేదు. ఆపరేషన్‌లో కన్ను కదలకుండా పట్టే సక్షన్ రింగ్ ఒత్తిడికి వచ్చిన రక్తపు మరక అది, రెండు మూడు వారాల్లో పోతుంది.

సెలవు మూడు వారాలే అయితే మెత్తటి కాంటాక్ట్ లెన్సులు విమానం ఎక్కడానికి రెండు వారాల ముందే మానేయండి, గట్టి లెన్సులైతే నెల ముందే. లెన్స్ ఒత్తిన కార్నియాకు తీసిన కొలతలు తప్పొస్తాయి. ఆపరేషన్ మొదటి వారంలో పెట్టుకుంటే వారం చెకప్ అయ్యాక తిరుగు ప్రయాణం కుదురుతుంది. పీఆర్‌కే అయితే చూపు కొన్ని వారాలు అటూ ఇటూ ఊగుతుంది, దిగిన మర్నాడే కారు నడపాల్సినవాళ్లకు అది సరిపోదు. డిశ్చార్జ్ కాగితంలో ఆపరేషన్ రకం, ముందు పవర్, కార్నియా మందం, మందుల అసలు పేర్లు ఉండేలా అడిగి రాయించుకోండి. మన బ్రాండ్ పేర్లు అక్కడి ఫార్మసీలో తెలియవు. నెలకు, మూడు నెలలకు అక్కడి ఆప్టోమెట్రిస్ట్ (కళ్లు, చూపు పరీక్షించే నిపుణుడు) దగ్గర చెకప్‌కు ఫీజు ఎంతో ముందే ఫోన్‌లో కనుక్కోండి, వేరేచోట ఆపరేషన్ అయినవాళ్లను చూడని క్లినిక్‌లూ ఉంటాయి. అమెరికాలోనే చేయించుకునేవాళ్లు ఎఫ్‌ఎస్‌ఏ, హెచ్‌ఎస్‌ఏ (వైద్య ఖర్చులకు పన్ను లేకుండా దాచుకునే ఖాతాలు) డబ్బు వాడుకోవచ్చు. డ్రైవింగ్ లైసెన్స్ మీద కళ్లద్దాల షరతు ఉంటే దాన్ని తీసేయించుకోండి, లేకపోతే అద్దాలు లేకుండా నడిపినందుకు పోలీసులు ఆపినప్పుడు లేజర్ కథంతా రోడ్డు పక్కన చెప్పుకోవాల్సి వస్తుంది.