స్టేషన్‌లో ఆ కాగితం రాసివ్వకండి

ప్రశ్న: మాది గుంటూరు జిల్లా. చిన్ననాటి స్నేహితురాలితో కలిసి నాలుగేళ్లు చీరల షాపు నడిపాను. చెరో 6 లక్షలు పెట్టాం. స్టాంపు పేపరు మీద రాసుకున్నాం గానీ ఫర్మ్ రిజిస్టర్ చేయించలేదు. సంక్రాంతి తర్వాత విడిపోయాం, షాపు నాకు వదిలేసింది. ఇప్పుడు సరుకు లెక్కలో తనకు 9 లక్షలు రావాలంటోంది. నా పుస్తకం ప్రకారం రెండున్నరే. వాళ్ల తమ్ముడు రోజూ సాయంత్రం, బేరాలొచ్చే వేళకే, బండి మెట్లకు అడ్డం పెట్టి కూర్చుంటున్నాడు. వచ్చినవాళ్లతో ‘ఇది దొంగ షాపు’ అంటాడు. రాత్రి పదకొండుకు బెదిరిస్తూ వాయిస్ మెసేజ్‌లు. మొన్న ఎస్సై ఫోన్ చేసి, డబ్బు ఎప్పటిలోగా ఇస్తానో స్టేషన్‌కొచ్చి రాసిచ్చి వెళ్లమన్నారు. నేను సంతకం చేసిన రెండు ఖాళీ చెక్కులు కూడా ఆమె దగ్గరే ఉన్నాయి. టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు. కోర్టుకెళ్తే ఇది ఆగుతుందా మేడమ్?

జవాబు: ముందు ఆ కాగితం సంగతి చూద్దామమ్మా. రాసివ్వకండి. నా దగ్గరకొచ్చేవాళ్లు చాలామంది అది రాసిచ్చాకే వస్తారు. రాసిచ్చారంటే 9 లక్షలూ మీరు ఒప్పుకున్న బాకీ అయి కూర్చుంటుంది. భాగస్థుల లెక్క తేల్చడం పోలీసుల పని కాదు. కేసు కట్టారా, నంబరెంత అని మర్యాదగా అడగండి. సాక్షిగా విచారించాలన్నా ఆడవాళ్లను స్టేషన్‌కి రమ్మనకూడదు, మీరుండే చోటికే రావాలి. అది సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్ చట్టంలో 179వ సెక్షన్. మళ్లీ పిలిస్తే తేదీ, టైముతో ఎస్పీకి రిజిస్టర్ పోస్టులో రాయండి. అప్పటికీ ఆగకపోతే నేలపాడులో హైకోర్టు ఉంది, రాజ్యాంగం 226 అధికరణం కింద రిట్, అంటే పోలీసులను ఆపమనే పిటిషన్, వేయొచ్చు.

తమ్ముడి విషయంలో సివిల్ కోర్టులో ఇంజంక్షన్ దావా, అంటే ఫలానా పని చేయొద్దని ఉత్తర్వివ్వమనే దావా, వేసి, సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) ఆర్డర్ 39 కింద తాత్కాలిక ఉత్తర్వు అడగాలి. అయితే ‘నా జోలికే రావొద్దనండి’ అంటే కుదరదు. డబ్బు అడిగే హక్కు ఆమెకుంది, క్రిమినల్ కేసు పెట్టకుండా ఆపే ఇంజంక్షన్ చట్టంలోనే లేదు. మెట్లకు అడ్డంగా బండి పెట్టడం, గిరాకీలతో ఆ మాటలు అనడం, వీటిని ఆపమని అడగండి. బండి నంబరూ మీ షాపు బోర్డూ ఒకే ఫొటోలో పడాలి. ఒకావిడ నాకు ఇరవై ఫొటోలు తెచ్చింది, అన్నింట్లోనూ ఒక నీలం చొక్కా వీపే! వాయిస్ మెసేజ్‌లు ఆ ఫోన్‌లోనే ఉంచండి. చంపుతాననో, కాళ్లు విరగ్గొడతాననో ఉంటే అది ఐపీసీ స్థానంలో వచ్చిన బీఎన్‌ఎస్ చట్టం 351 సెక్షన్ కింద నేరం. పోలీసులు, ఎస్పీ పట్టించుకోకపోతే మేజిస్ట్రేట్ దగ్గరకెళ్లొచ్చు.

చెక్కులకు ఇవాళే బ్యాంకులో స్టాప్ పేమెంట్ రాసిచ్చి, కాపీ మీద ముద్ర వేయించుకోండి. దాంతో గండం గడిచినట్టు కాదు. స్టాప్ చేసిన చెక్కు మీద కూడా 138 కేసు, అంటే చెక్ బౌన్స్ కేసు, వేస్తారు, సంతకం మీదైతే బాకీ లేదని చూపాల్సిందీ మీరే. నోటీసొస్తే 15 రోజుల్లోపు జవాబివ్వండి.

ఫర్మ్ రిజిస్టర్ కాలేదని భయపడొద్దు. విడిపోయిన ఫర్మ్ లెక్కలు తేల్చమని దావా వేయడానికి అది అడ్డు కాదు. విడిపోయిన నాటి నుంచి మూడేళ్ల గడువుంది, కానీ ఆమె వేసేదాకా ఆగకుండా మీరే వేయండి. మీ లెక్క ప్రకారం వచ్చే రెండున్నర లక్షలు కోర్టులో కడతానని అందులోనే చెప్పండి. స్టాంపు పేపరు, బిల్లులు, ఖాతా స్టేట్‌మెంట్లు పట్టుకుని ఈ వారంలోనే లాయర్‌ను కలవండి. ఈలోగా ఆ సరుకు పుస్తకంలో ఒక్క అంకె కూడా దిద్దకండి.