తాబేలు గుడ్లు కనిపిస్తే ఇంటికి తెచ్చి పొదిగించవచ్చా?

ఒంగోలు దగ్గర బీచ్‌లో సముద్రపు తాబేలు గుడ్లు కనిపించాయి, కుక్కలు తినేలోపు తెచ్చి ఇసుక బకెట్‌లో పొదిగించవచ్చా అని అడిగారు. దయచేసి ఆ పని చేయకండి. మాది కొత్తపట్నం వైపు తీరం. ఈ ఆలివ్ రిడ్లే తాబేళ్ళను చిన్నప్పటి నుంచీ చూస్తున్నాను, వలల్లో పడి ఊపిరాడక చచ్చి ఒడ్డుకు కొట్టుకొచ్చినవాటితో సహా.

జనవరి నుంచి మార్చి దాకా రాత్రిపూట ఒడ్డుకొస్తాయి. వెనక కాళ్ళతో మూరెడు లోతు గొయ్యి తీసి, వందకు పైగా గుడ్లు పెట్టి, ఇసుక కప్పి, ఒళ్ళంతా అటూ ఇటూ ఊపుతూ దబదబా కొట్టి గట్టిపరుస్తాయి. దగ్గర్లో ఉంటే ఆ చప్పుడు వినిపిస్తుంది. గుడ్డు పెట్టిన కొన్ని గంటలకే లోపలి పిండం పెంకు పైభాగానికి అతుక్కుంటుంది. ఆ తర్వాత దాన్ని తిరగేసినా, కుదిపినా చచ్చిపోతుంది. ఇసుక వేడి ఎక్కువగా ఉంటే ఆడపిల్లలు, తక్కువైతే మగపిల్లలు పుడతాయి. బకెట్‌లో ఆ వేడి నిలవదు. పైగా 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం గుడ్లు తీయడం నేరం.

ఫోన్‌లో లొకేషన్ పెట్టుకుని అటవీ శాఖ వాళ్ళకు చెప్పండి. మార్చాల్సి వస్తే వాళ్ళే పద్ధతిగా మారుస్తారు. అప్పటిదాకా కుక్కల్ని దగ్గరికి రానివ్వకండి.

సుమారు యాభై రోజులకు పిల్లలు బయటికొస్తాయి. ఎటు వెలుగుంటే అటే పోతాయి. చీకటి రాత్రి సముద్రం మీద కాస్త వెలుతురు ఉంటుంది కాబట్టి నీళ్ళలోకి వెళ్ళాలి. కానీ ఒడ్డున రిసార్టు లైట్లుంటే రోడ్డెక్కి చస్తాయి. ఆ రోజుల్లో లైట్లు ఆర్పమని వాళ్ళను అడగండి, చాలామంది వింటారు.

ఇంకో మాట. ఇసుక దిబ్బల మీద పాకే బాలబంద తీగ, రావణాసురుడి మీసాలు అనే ముళ్ళ గడ్డి చూసే ఉంటారు. దిబ్బ కొట్టుకుపోకుండా పట్టి ఉంచేవి అవే. దిబ్బ పోతే గూడు పెట్టే చోటే ఉండదు. పచ్చదనం పేరుతో అలల దాకా సరుగుడు నాటడం నాకు నచ్చదు. దాని నీడకు ఇసుక చల్లబడుతుంది, వేర్లు గొయ్యికి అడ్డమొస్తాయి. మీ ఊళ్ళో బీచ్ శుభ్రం చేసే రోజున ప్లాస్టిక్ ఏరించండి, ఆ తీగను మాత్రం పీకనివ్వకండి.