దాటుపీట రాస్తున్న తమ్ముడికి

తిరుపతి

తమ్ముడూ,

నీ గాలివానల సీమ కథ మూడు అధ్యాయాలూ చదివాను. సీమ బాగా కుదిరింది. దాన్ని దాటించే దాటుపీటే ఇంకా కుదరలేదు. నీ కథానాయకుడు పీట మీద కూర్చుంటాడు, మంత్రం చదువుతాడు, అవతల గట్టున తేలతాడు. ఇంత సులువుగా దాటిపోయేవాడికి నలభై పేజీల తుఫాను ఎందుకు?

మనుచరిత్రలో ప్రవరుడి సంగతి గుర్తు చేసుకో. సిద్ధుడిచ్చిన పసరు కాళ్లకు పూసుకుని హిమాలయానికి పోయాడు. ఆ మంచుకే పసరు కరిగిపోయింది, ఇంటికి రాలేక అక్కడే చిక్కుకున్నాడు. మంచు లేని చోటికి పోయుంటే పసరూ చెడేది కాదు, వరూధిని కథా పుట్టేది కాదు. నీ పీట కూడా నీ గాలివాన వల్లే చెడాలి. మూడో అధ్యాయంలో మాంత్రికుడి శాపంతో చెడగొట్టావే, అది ఏ కథలోనైనా ఇమిడే శాపం. తీసెయ్.

ముందు దిగే చోటు చూడు. 60 కిలోల మనిషికి సుమారు 60 లీటర్ల చోటు కావాలి. ఇక్కడ మాయం కాగానే ఆ ఖాళీలోకి గాలి దూసుకొచ్చి టపాసులా పేలుతుంది. అక్కడ అంత గాలినీ ఒక్కసారిగా పక్కకు నెట్టాలి. వాన చినుకులు ఒంట్లో కలిసిపోతాయని రెండు పేజీలు భయపెట్టావు గానీ, అది భయపడాల్సిన విషయమే కాదు. కుండపోత వానలో కూడా ఘనమీటరు గాలిలో ఉండే నీళ్లు కొద్ది గ్రాములే, నీవాడి వాటాకు అర గ్రాము రాదు. భయపడాల్సింది గాలికి ఎగిరొచ్చే పుల్లకు, ఇసుకకు, వడగల్లుకు. దిగే క్షణంలో అక్కడ తేలుతున్న చీపురుపుల్ల భుజం కండలో ఉండిపోతుంది, చర్మం మీద గాటు కూడా కనపడదు. కాబట్టి అవతలి పీటకు నాలుగు గోడలూ, కప్పూ, సందు లేని తలుపూ కావాలి. ప్రతి దాటుకూ ముందు ఒక మనిషి లోపల ఊడ్చి, తడిగుడ్డతో తుడిచి, బయటికొచ్చి తలుపు బిగించాలి. నీ కథలో లేని పాత్ర ఆ ఊడ్చే మనిషే. ముసలామెను పెట్టు, నీవాడి ప్రాణం ఆమె చేతిలో ఉంటుంది.

గది సిద్ధమని ఆమె ఇవతలికి ఎట్లా చెప్తుంది? మధ్యలో తుఫాను. మంట కనపడదు, గంట వినపడదు. ముందే అనుకున్న వేళకు దాటడం తప్ప దారి లేదు, అంటే రెండు గట్ల మీదా గడియారం కావాలి. మన పాత గడియ గిన్నె చాలు. అడుగున చిల్లున్న రాగి గిన్నెను నీళ్ల తొట్టిలో వదిలితే అది మునిగేసరికి ఒక గడియ, 24 నిమిషాలు. చల్లటి నీళ్లు కాస్త చిక్కబడి చిల్లులోంచి నెమ్మదిగా ఎక్కుతాయి. అవతలి గట్టు కొండ మీద ఉందన్నావు కాబట్టి ఆమె గిన్నె ఆలస్యంగా మునుగుతుంది. మామూలు రోజుల్లో ఎండ నీడ చూసి రోజూ సరిచేసుకుంటారు. నీ సీమలో వారాల తరబడి ఎండ లేదు. రోజుకింత చొప్పున తేడా పెరుగుతూ పోతుంది. చివరికి ఒకరోజు నీవాడు సరిగ్గా తన వేళకే దాటుతాడు, ఆమె ఇంకా లోపల ఊడుస్తూనే ఉంటుంది. ఇక్కడ శాపంతో పనేముంది?

పరిష్కారం కూడా తుఫానులోనే దొరుకుతుంది. పెద్ద తుఫాను కన్ను దగ్గర, అంటే దాని నడిమధ్యన, గాలి పడిపోతుంది, చాలాసార్లు ఆకాశమూ విచ్చుతుంది. కన్ను 30 కిలోమీటర్ల వెడల్పు ఉండి, తుఫాను గంటకు 15 చొప్పున కదిలితే, నడిమధ్యన ఉన్నవాడికి రెండు గంటలు దక్కుతాయి. ఆ రెండు గంటల్లో నీడ చూసి గిన్నె సరిచేసుకోవాలి. తర్వాత గాలి మళ్లీ మొదలవుతుంది, ఈసారి ఎదుటి దిక్కు నుంచి. నువ్వు కన్ను దాటాక కూడా గాలిని అదే దిక్కు నుంచి వీయించావు, దిద్దుకో.

రెండు పీటలూ ఉత్తర దక్షిణాలుగా పెట్టు. తూర్పు పడమరలుగా పెడితే మన అక్షాంశం దగ్గర ప్రతి 108 కిలోమీటర్లకూ నీడ వేళలో 4 నిమిషాల తేడా వస్తుంది, చదివేవాడికి లెక్కలు చెప్పలేక చస్తావు. ఉత్తర దక్షిణాలకూ ఒక తిప్పలుంది గానీ అది చూడ్డానికి బాగుంటుంది. భూమి తిరిగే వేగం అన్ని చోట్లా ఒకటి కాదు, మన దగ్గర ఉత్తరానికి పోయేకొద్దీ తగ్గుతుంది. తిరుపతిలో మాయమై హైదరాబాదులో తేలినవాణ్ణి గంటకు సుమారు 29 కిలోమీటర్ల వేగంతో తూర్పు గోడకేసి విసురుతుంది. తిరుగు ప్రయాణంలో పడమటి గోడకు. ఆ గోడలకు దూది పరుపులు కట్టించు.

ఇంక ఎత్తు. అలిపిరి నుంచి తిరుమల కొండకు 700 మీటర్లనుకో. 60 కిలోల మనిషిని అంత ఎత్తుకు చేర్చడానికి 4 లక్షల జౌళ్ల పైచిలుకు శక్తి కావాలి. అది ఎక్కణ్ణించి వస్తుందో నువ్వు రాయలేదు. ఒంటి వేడిలోంచే లాగుతుందని పెట్టు. రెండు డిగ్రీలు పోయి, 37 ఉన్న ఒళ్లు 35కు దిగుతుంది, పళ్లు టకటకమంటాయి, వేళ్లు గొళ్లెం పట్టవు. వేడెక్కకుండానే అక్కణ్ణించి ఇంకో అంత ఎత్తు ఎక్కితే 33, మాట తడబడుతుంది. దిగేవాడికి 39, జ్వరం. కొండెక్కినవాడికి కంబళీ, దిగినవాడికి తడిబట్టా సిద్ధంగా ఉంచే పని కూడా ఆ ముసలామెదే.

పిడుగులో అనంతశక్తి ఉందని రాసిన వాక్యం కొట్టెయ్. ఒక పిడుగులో ఉండేది సుమారు వంద కోట్ల జౌళ్లు, కరెంటు బిల్లు లెక్కలో 280 యూనిట్ల లోపే.

‘వాన ఆగాక నడిచి పోవచ్చు గదా’ అని చదివేవాడు తప్పకుండా అడుగుతాడు. 2021 నవంబరు వానలకు అలిపిరి మెట్ల మీద నీళ్లు ఎట్లా పారాయో చూశాం. పెద్ద బండరాళ్లు ఘాట్ రోడ్డు మీద పడింది తర్వాత, డిసెంబరు 1న. నానిన కొండ వాన ఆగాక కూడా జారుతుంది. ఆ ముక్క మొదటి అధ్యాయంలోనే ఒక బండివాడి నోట చెప్పించు.

రెండో అధ్యాయం ముసలామె చీపురుతో మొదలుపెట్టి తిరగరాయి. మూడోది ఇప్పుడే ముట్టుకోవద్దు. దీపావళి లోపల పంపితే చూసి పెడతాను.

ఉంటాను,
అన్న