రాజ్యపురస్కార్ టెస్టింగ్ క్యాంప్‌కి ముందు ఒక తాడు కొనండి

"మా అబ్బాయి వచ్చే నెల స్కౌట్స్‌లో రాష్ట్రస్థాయి అవార్డైన రాజ్యపురస్కార్ టెస్టింగ్ క్యాంప్‌కి వెళ్తున్నాడు, ఏ పుస్తకం చదివించాలి?" అని అడిగారు. పుస్తకం తర్వాత, ముందు చేతికి పట్టు దొరికే తాడు ఒకటి కొనివ్వండి.

మాది ఉద్దానం, కవిటి దగ్గర పల్లె. నేనూ పుస్తకంలో బొమ్మలు చూసి ముడుల పేర్లన్నీ బట్టీపట్టాను. ఒకరోజు సాయంత్రం పశువులశాలలో పలుపు తీసుకుని బౌలైన్ అనే ముడి వెయ్యబోతే మూడుసార్లూ ఊడిపోయింది. పాలు పితుకుతున్న మా తాత "ఇలా తే" అని పలుపు లాక్కుని, దూడ మెడకి చుట్టి, కొసని ఒక మెలికలోంచి దూర్చి లాగాడు. చూస్తే బౌలైనే! "ఉచ్చు వేస్తే దూడ లాగినకొద్దీ పీక బిగుసుకుపోద్దిరా. ఇదైతే ఎంత లాగినా కదల్దు" అన్నాడు. ఆయనకి దాని పేరే తెలీదు.

క్యాంప్‌లో "బౌలైన్ ఎక్కడ వాడతారు?" అని అడిగారు. నా ముందువాళ్లంతా "ప్రాణరక్షణకు" అని ఒకే మాట అప్పజెప్పారు. నేను దూడ సంగతి చెప్పాను. ఆ సార్ తాడు నా చేతికిచ్చి "కళ్లు మూసుకుని నీ నడుముకి వేసుకో" అన్నారు. వేసుకున్నాను. రెండు కొసల్ని కలిపి కట్టే రీఫ్ నాట్ దగ్గర మాత్రం టెన్షన్‌లో రెండుసార్లూ ఎడమ కొసనే పైకి తెచ్చాను. దాంతో స్లింగ్ (దెబ్బతిన్న చేతిని మెడకి వేలాడదీసే గుడ్డ) కట్టిన చెయ్యి జారిపోయింది. రెండోసారి కుడి కొస పైకి రావాలి, మీవాడితో వందసార్లు వేయించండి.

స్కౌట్ తను చేసిన పనులు రాసుకునే లాగ్‌బుక్ మాత్రం దయచేసి మీరు రాసిపెట్టకండి. ఇప్పుడు చాలా ఇళ్లలో అమ్మలే కూర్చుని బొమ్మలు గీస్తున్నారు. పిల్లాణ్ణి అందులోంచి ఒక్క ప్రశ్న అడిగితే నీళ్లు నములుతాడు. ఇంక స్కౌట్స్ అనగానే "రైల్వే ఉద్యోగాల్లో కోటా ఉంటుందటగా" అనేవాళ్లని చూస్తే నాకు ఒళ్లు మండిపోతుంది. ఉంటుంది, కాదనను. కానీ 2018 అక్టోబరులో తిత్లీ తుపాను మా కొబ్బరితోటల్ని పడగొట్టి ఇంటి రేకులు ఎత్తుకుపోయినప్పుడు మాకు ఏ కోటా అక్కరకొచ్చింది? విరిగిన కొబ్బరి మొద్దులకి క్లోవ్ హిచ్ (తాడుని కర్రకి బిగించే ముడి) వేసి, నేనూ మా నాన్నా టార్పాలిన్ కట్టాం. కొత్త రేకులు వచ్చేదాకా ఒక్క ముడి కూడా వదులవలేదు.